కుడి పీపా

"ఆ తొట్టి ఉమ్మడానికి పెట్టాను. చూయింగ్ గమ్ పడెయ్యడానికి కాదు," అన్నాడు తెరేజియో.

మిలాన్ నుంచి వచ్చిన కళ్ళజోడాయన నవ్వేసి, సలామీ మాంసం జిడ్డు అంటిన వేళ్ళతోనే గ్లాసు అందుకున్నాడు. తొట్టిలో అందరి ఎంగిలి వైను, అందులో నానిన రొట్టెముక్కలు, మీద తేలుతూ ఆ గమ్ము. తెరేజియో మొహం చిట్లించాడు. ఇటలీలోని లాంగే కొండల్లో అతని తాత వైను కోసం తవ్వించిన నేలమాళిగ అది. వారానికి రెండుసార్లు మరిలేనా తన వ్యానులో ఇలాంటి గుంపునొకదాన్ని తోలుకొస్తుంది. పొద్దుట్నించి రెండు చోట్ల తాగి, మూడోసారి ఇక్కడ తాగుతారు. తాగడం కూడా కాదు, పుక్కిలిస్తారు.

"మొహం అలా పెట్టకు బాబాయ్," అంది మరిలేనా అతని చెవిలో. "ఒకప్పుడు టూరిస్టులంటే గేటు మూసేసేవాడివి. ఇప్పుడు నువ్వే ఫోన్ చేసి ఎప్పుడొస్తున్నారని అడుగుతావు. తీరా వచ్చాక ఈ చిరాకొకటి."

"నీ పని చూసుకో."

"వైను వాసన తెలియనివ్వరని సెంటు పూసుకున్నవాళ్ళని గుమ్మంలోంచే తిప్పి పంపేవాడివి. ఇవాళ కళ్ళజోడాయన పెళ్ళాం సీసాడు ఒంపుకుని వచ్చింది, నువ్వు కిక్కురుమనలేదు. మెత్తబడ్డావు."

తెరేజియో ఆవిడ వైపు ఓసారి చూసి, పీపాల దగ్గరికి నడిచాడు.

ఎడమవైపొకటి, కుడివైపొకటి, రెండు పీపాలు. రెండింట్లోనూ ఒకే తోట ద్రాక్ష. రేపు పొద్దున్నే సీసాలు నింపే లారీ వస్తుంది. రెండూ కలిపి నింపాలా, ఏదో ఒకటే నింపాలా అన్నది ఇవాళే తేలాలి. నిరుడు అతను నింపిన సీసాలన్నిటినీ తురిన్ కొట్టువాళ్ళు చెడిపోయాయని వెనక్కి పంపారు. ఇంకోసారి అలా జరిగితే మాళిగ తాళాలు తన చేతికిచ్చేసి ఇంట్లో కూర్చోవాలని కూతురు నీవెస్ ఒట్టు వేయించుకుంది. తాళాలు చేతికొస్తే పీపాలు తీసేసి, గదులు కట్టి అద్దెకిస్తుందట. ఆ మాట దాచుకోలేదు కూడా.

గాజు గొట్టంతో ఎడమ పీపాలోంచి తీసి అయిదు గ్లాసుల్లో పోశాడు.

"పోసేవాడు ముందు తాను రుచి చూడాలి కదండీ?" అన్నాడు కళ్ళజోడాయన.

"మా ఇంట్లో ముందు అతిథులకే."

కొత్తగా పెళ్ళయిన జంట ఒకరి నోట్లోది ఒకరి నోట్లోకి వదులుకుని ఇకిలించారు. ఆ రోత చూడలేక తెరేజియో తల తిప్పుకోబోయి, మళ్ళీ వాళ్ళ మొహాలనే చూస్తూ నిలబడ్డాడు. కళ్ళజోడాయన గొంతులో గరగరలాడించి, తొట్టిలోకి ధారగా వదిలి, "చెర్రీల వాసన. వెనకాల కొంచెం గుర్రపు జీను తోలు," అన్నాడు. ఆయన పెళ్ళాం "ఆహా" అంది.

అయిదో మనిషి రొమిల్దా, డెబ్బై దాటిన ముసలమ్మ. తురిన్‌లో నలభై ఏళ్ళు లాండ్రీ నడిపిందట. గ్లాసు ఖాళీ చేసి, మూతి తుడుచుకుని, "బాగుంది," అని ఊరుకుంది.

తరవాత కుడి పీపా.

"అబ్బ, ఇది ఇంకా బాగుంది," అంది పెళ్ళికూతురు. పెళ్ళికొడుకూ తలాడించాడు. కళ్ళజోడాయనకి ఈసారి వెనీలా తగిలింది. ఆయన పెళ్ళాం మళ్ళీ "ఆహా" అంది.

రొమిల్దా గుటక వెయ్యలేదు. తొట్టి దాకా వెళ్ళే ఓపిక లేనట్టు నేల మీదే తుపుక్కున ఉమ్మింది. అది తెరేజియో బూటు మీద చిందింది.

"ఛీ ఛీ. మనుషులు తాగేదేనా ఇది? మూటకట్టి వారం వదిలేసిన తడి దుప్పటి కంపు."

తెరేజియో మొహం కందగడ్డయింది. "మా తాత కాలం నుంచి ఈ మాళిగలో ఎవరూ ఆ మాట అనలేదమ్మా. నలుగురికీ బాగున్నది నీకొక్కదానికే కంపా?"

"వాళ్ళకి మొహమాటం. నాకు లేదు. అంత నమ్మకమైతే నువ్వే తాగి చూడరాదూ?"

అందరూ అతన్నే చూస్తున్నారు. తెరేజియో గ్లాసు నింపుకున్నాడు. ముక్కు లోపలికి పెట్టి, కళ్ళు మూసుకుని చాలాసేపు ఉన్నాడు. తరవాత చుక్క మిగల్చకుండా తాగేశాడు.

"నాకేం తేడా తెలియలేదు," అన్నాడు.

"చూశారా, చేసినాయన కంటే మనకెక్కువ తెలుసా?" అన్నాడు కళ్ళజోడాయన.

"అయితే నీ ఖర్మ నాయనా," అంది రొమిల్దా. డోకొచ్చి ఆవిడ కళ్ళలో నీళ్ళు తిరిగాయి. రుమాలుతో ఒత్తుకుంటుంటే తెరేజియో ఆ కళ్ళనే చూస్తూ ఉండిపోయాడు.

వ్యాను వెళ్ళిపోయాక తొట్టి కడిగాడు. బూటు మీద ఉమ్మిన ముసలమ్మ కంటే, ఏది పోసినా ఆహా అన్న ఆ నలుగురి మీదే అతనికి అసహ్యం వేసింది. చేతులు తుడుచుకుని వెళ్ళి కుడి పీపా బిరడా లాగేశాడు. ఏడాది కష్టం ఎర్రగా కాలవలోకి పోతోంది.

నీవెస్ పరిగెత్తుకుంటూ వచ్చింది. "మతిగాని పోయిందా నాన్నా? అందరూ బాగుందన్నారని గేటు దగ్గర మరిలేనా చెప్పిందే. ఎవరో ముసలమ్మ ఛీ అంటే పారబోస్తావా?"

"చెడిపోయింది."

నీవెస్ కాలవ మీదికి వంగింది. మరుక్షణం చేత్తో ముక్కు మూసుకుని వెనక్కి జరిగింది.

"నిజమే, ఇంత కంపా? మరి వాళ్ళ ముందు తేడా లేదన్నావట?"

"టూరిస్టుల ముందు నా సరుకుని నేనే తిట్టుకుంటానా?"

నీవెస్ తండ్రిని ఎగాదిగా చూసింది. చాలా రోజుల తరవాత నవ్వింది.

"సరేలే, నిరుడు ఏదో పొరపాటు జరిగిందనుకుంటాను. నీకు ఈ ముక్కు ఉన్నంతకాలం తాళాలు నీ దగ్గరే ఉండనీ."

ఆ ముక్కుకి ఏ వాసనా తెలియక రెండేళ్ళు దాటింది.