ఆయన మాత్రం వద్దు

డెన్మార్క్ సినిమాల్లో వేషాలకు నటుల్ని ఎంపిక చేసే విబెకె ఎంత నీతిపరురాలంటే, నటుడైన తన భర్త ప్రెబెన్ పేరు ఒక్కసారి కూడా తానుగా ఎత్తలేదు.

"ప్రతి సినిమాలో ఆ పది మొహాలేనా? ఈసారి పాస్టరు వేషానికి కొత్తవాణ్ణి చూపించు విబెకె" అన్నాడు దర్శకుడు.

వారమంతా ఆడిషన్లు చేసి వీడియోలు చూపించింది. ఒకడు నసిగాడు, ఒకడు అరిచాడు, ఇంకొకడు బైబిలును బస్సుల టైమ్‌టేబుల్లా చదివాడు.

దర్శకుడు తల పట్టుకున్నాడు. "పోనీ, మీ ఆయన ఖాళీయేనా?"

"ఆయన మాత్రం వద్దు. జనం ఏమనుకుంటారు?"

"అనుకోనీ. నీ అంత నిజాయితీ నేనెక్కడా చూళ్ళేదు."

సాయంత్రం ఇంట్లో రొట్టె మీద హెర్రింగ్ చేపముక్కలు సర్దుతూ చెప్పింది. "గడ్డం పెంచు ప్రెబెన్. పాస్టరువి నువ్వే."

"కొత్తవాళ్ళలో ఒక్కడూ బాగా చెయ్యలేదా?"

"ఒకడు చేస్తుంటే నాకు కన్నీళ్ళు ఆగలేదు. అందుకే వాడి వీడియో చూపించలేదు."