అద్దె కన్నీళ్లు

పరంధామయ్య సీరియళ్లలో నాన్న వేషాలు వేసేవాడు. రెండేళ్ల క్రితం తన మొహాన్ని కంప్యూటర్ బొమ్మలు చేసి అద్దెకిచ్చే ఒక కంపెనీకి అమ్మేశాడు. అప్పట్నుంచీ ఆయన బొమ్మ తొమ్మిది సీరియళ్లలోనూ, ఊళ్లోని పెళ్లి మండపాల్లోనూ ఏడుస్తోంది. ఆయనేమో ఇంట్లో చిక్కుడుకాయలకి ఈనెలు తీస్తున్నాడు.

ఇవాళ సొంత కూతురి అప్పగింతలు. ఇదొక్కసారి తనే ఏడవాలని ఆయన ఆశ. పిల్ల చేతులు పాలలో ముంచి, ఏడవడానికి కండువా అందుకున్నాడు.

"అన్నయ్యగారూ, మా తోడికోడలి కూతురి పెళ్లిలో మీ బొమ్మ ఏడ్చింది. మేమేమన్నా తీసిపోయామా?" అంది వియ్యపురాలు.

వెంటనే మండపంలో సినిమా తెర దించారు. బొమ్మ భోరుమంది. చుట్టాలందరూ కళ్లొత్తుకున్నారు.

తెర ముందు పరంధామయ్య నిజంగానే వెక్కి వెక్కి ఏడుస్తున్నాడు. భార్య వెనకనుంచి భుజం తట్టింది.

"ఏవండీ, కాస్త పక్కకి జరగండి. మీరు కనపడట్లేదు."