విరిగిన హీలు

మెడెయిన్ నగరంలో ఫ్యాషన్ షో టీవీలో లైవ్‌గా వస్తుండగా మోడల్ యూలియెత్ కుడి చెప్పు హీలు విరిగింది. ఆమె ఆగలేదు. చివరిదాకా కుంటుతూనే నడిచింది.

మర్నాడు ముఖానికి స్కార్ఫు చుట్టుకుని తమ పేటకు వచ్చింది. మెట్ల వీధిలో ఆడపిల్లలందరూ ఆమెలాగే కుంటుతూ నడుస్తున్నారు. ఏడుపు ఆపుకుంటూ ఇంట్లోకి పరుగెత్తింది.

అమ్మమ్మ దోమితీలా పెనం మీద అరెపాలు, అంటే మొక్కజొన్న రొట్టెలు, కాలుస్తోంది.

"నేనింక షోలకు పోను అమ్మమ్మా. వీధి వీధంతా నన్ను వెక్కిరిస్తోంది."

"వెక్కిరింపా, నీ మొహం! అదే కొత్త ఫ్యాషనని పొద్దున్నుంచీ ఒక చెప్పుకి హీలు కోయించుకుంటున్నారు. చెప్పులు కుట్టేవాడికి కాఫీ తాగే తీరిక కూడా లేదు."

కిటికీ బయట ఒకమ్మాయి ఇంకొకతెను కసురుతోంది. "కుడికాలే, మొద్దూ, ఎడమది కాదు!"

యూలియెత్ తెల్లబోయింది. "మరి నువ్వు నిజం చెప్పలేదా?"

అమ్మమ్మ మోకాలి నొప్పితో ఎప్పటిలాగే కుంటుకుంటూ పళ్లెం తెచ్చింది.

"ఎందుకు చెబుతానే? ఇన్నేళ్లూ నన్ను కుంటి దోమితీలా అన్నారు. ఇవాళ వచ్చి, నీ మనవరాలికి ఆ నడక నేర్పింది నువ్వేనా అని అడిగారు. అవునన్నాను. సాయంత్రం నుంచి క్లాసులు. నువ్వూ రా. టీవీలో చూశాను, నీకింకా సరిగ్గా కుదరలేదు."