రెండో జెండా

ఒక్క జెండానే లేచింది.

విల్ఫ్ జాగో తన్నిన బంతి గోల్ కర్రల మధ్యకే వెళ్ళింది. కాకపోతే వెళ్తూ వెళ్తూ ఒక కర్రను రాసుకుంది. రెండు జెండాలు లేస్తే గోల్, ఆరు పాయింట్లు. కర్రకి తగిలితే లేచేది ఒక్కటే, ఒక్క పాయింటే. కర్రల కింద తెల్లకోటు వేసుకుని నిలబడ్డ, గడ్డం నున్నగా గీసుకున్న ముసలాయన ఒక్కటే ఎత్తాడు.

జాగోకి ఒళ్ళు మండింది.

మండదా మరి! పాతికేళ్ళుగా ఆ బంగారు గనుల జిల్లాలో ఎవరి నోట విన్నా ఒకటే పేరు, ఎనోక్ ట్రెలోర్. ఒక్క సీజన్లో అరవై ఒక్క గోల్స్ కొట్టిన మొనగాడు. ఆ మనిషిని జాగో ఏనాడూ చూడలేదు. చూడకుండానే కడుపు నిండా కుళ్ళు పెంచుకున్నాడు. ఈ ఏడు తనూ అరవై ఒకటి కొట్టాడు. ఇదే ఆఖరి ఆట. ఇంకొక్కటి పడితే ట్రెలోర్ పేరు చెరిగిపోతుంది.

కంచె దగ్గర పాస్కో ముసలమ్మ గొడుగు ఊపుతూ అరిచింది.

"ఒరేయ్ విల్ఫూ! మా ట్రెలోర్ అయితే కళ్ళు మూసుకుని కొట్టేవాడురా! ఆ గడ్డమేంటి, ఆ ఠీవేంటి! నీ మొహం!"

పుండు మీద కారం చల్లినట్టయింది. జాగో నేరుగా ముసలాయన మీదికి వెళ్ళాడు.

"కళ్ళు కనపడట్లేదా? అది గోల్!"

"కర్రకి తగిలింది బాబూ. చప్పుడు విన్నాను."

"నీకు కుళ్ళు! జన్మలో బంతి తన్ని ఎరగవు. తన్నేవాణ్ణి చూస్తే ఓర్వలేవు."

"కుళ్ళు ఉంది," ఒప్పుకున్నాడు ముసలాయన. "మనిషినే కదా. అయినా కర్రకి తగిలింది."

జాగో ఆయన చేతిలోంచి ఒక జెండా లాక్కుని మోకాలికేసి విరిచి పారేశాడు.

పెద్ద అంపైరు అప్పటికే బంతి వెంట నడి మైదానానికి పరిగెత్తాడు, చూడలేదు. ముసలాయన ఒక్క కేక వేస్తే చాలు, జాగోని బయటికి పంపేవాళ్ళు. ఆయన కేక వెయ్యలేదు. కింద కూర్చుని తన ఎడమకాలి బూటు తాడు ఊడదీసి, విరిగిన జెండా కర్రను కట్టుకున్నాడు.

ఆయన పేరు ఎవరికీ తెలియదు. గోల్ దగ్గర నిలబడేవాడి పేరు ఎవరడుగుతారు? జిల్లా సంఘం ప్రతి శనివారం ఎవరినో ఒకరిని రైలెక్కించి పంపుతుంది. ఎవరొచ్చినా ఊరు 'కోటూ' అనే అంటుంది. తిట్టేటప్పుడూ అదే, పిలిచేటప్పుడూ అదే.

ఆట అయిపోవస్తుండగా జాగో గాల్లోకి ఎగిరి బంతి పట్టాడు. అలా పట్టినవాడు నింపాదిగా తన్నుకోవచ్చు. మడమతో నేలలో చిన్న గుంట చేసి, బంతి నిలబెట్టి, ఎనిమిది అడుగులు వెనక్కి నడిచాడు.

తన్నాడు.

బంతి కర్రల కంటే చాలా ఎత్తుగా లేచి, గాలికి పక్కకి కొట్టుకుపోయింది.

"పోయిందిరా!" అని నెత్తి కొట్టుకున్నారు జనం. అవతలి జట్టు చప్పట్లు చరిచింది. పాస్కో ముసలమ్మ గొడుగు దించేసింది. జాగో అయితే తల పట్టుకుని నేల మీద కూలబడ్డాడు.

ముసలాయన ఒక్కడే మెడ పైకెత్తి బంతి కిందకి పరిగెత్తాడు. ఎంత ఎత్తున పోయినా రెండు కర్రల మధ్యగా దాటితే గోలే, దాటిందో లేదో తేల్చాల్సింది ఆయనే. తాడు లేని బూటు బురదలో ఉండిపోయింది. ఒంటి మేజోడుతో కర్ర పక్కన ఆగి, బంతి పోయిన వంకే చూస్తూ నిలబడ్డాడు. కాసేపు కదల్లేదు. ఆ కాసేపట్లో ఆయన మనసులో ఏం జరిగిందో ఆయనకే తెలియాలి.

రెండు జెండాలూ లేచాయి. రెండోది వంకరగా ఊగింది.

జాగోని భుజాల మీద ఎత్తుకున్నారు. ముసలాయన బూటు చేత్తో పట్టుకుని కుంటుకుంటూ వచ్చి, చెయ్యి చాపాడు.

"మంచి దెబ్బ బాబూ."

"నీ మెప్పు నాకెందుకోయ్?" అన్నాడు జాగో పైనుంచే. చెయ్యి అందించలేదు.

పాస్కో ముసలమ్మ గొడుగుతో ముసలాయన డొక్కలో పొడిచింది. "దారికడ్డం లేవయ్యా, కోటూ!"

ఆయన పక్కకి తప్పుకున్నాడు.

ఆ జిల్లాలో ఒక ఆనవాయితీ ఉంది. సీజను ఆఖర్న జరిగే విందుకి, రికార్డు పోగొట్టుకున్నవాడే వచ్చి, కొత్తవాడి కోటుకి తన చేత్తో పతకం గుచ్చాలి. క్లబ్బు కార్యదర్శి కిట్టో వెంట పడ్డాడు జాగో.

"ట్రెలోర్ ఎక్కడున్నా పట్టుకురండి సార్. పతకం గుచ్చేటప్పుడు ఆ మొహం ఎలా మాడుతుందో నేను చూడాలి. చిన్నప్పట్నుంచీ దీనికోసమే తన్నాను."

కిట్టో జిల్లా సంఘం ద్వారా ఉత్తరం పంపాడు. విందు రోజు రానే వచ్చింది. మధ్యాహ్నం హోటలు హాలు కిటకిటలాడింది. జాగో కొత్త కోటు తొడుక్కుని గుమ్మం వైపే చూస్తున్నాడు.

ట్రెలోర్ రాలేదు. ఒక పొడుగాటి పొట్లం, దాంతో ఆయన కూతురి ఉత్తరం వచ్చాయి. కిట్టో పైకి చదివాడు.

"నాన్న మొన్న మంగళవారం పోయారు. విందుకి రాలేనని ఆయనకి ముందే తెలుసు. తాను ఇవ్వాల్సింది జాగోకి ఆ రోజే ఇచ్చేశానన్నారు. ఈ పొట్లం మాత్రం అతని చేతికే అందించమన్నారు."

హాల్లో అందరూ టోపీలు తీశారు. జాగో తియ్యలేదు.

"చూశారా! చచ్చి కూడా తప్పించుకున్నాడు," అంటూ కసిగా పొట్లం చింపాడు.

లోపల ఒక తెల్లజెండా ఉంది, విరిగిన కర్రకి బూటు తాడు కట్టి ఉంది.