మోషే పుట్టినరోజు

వాములోంచి గడ్డి లాగిన మరియమ్మ చేతికి నెత్తురంటింది.

ఇంకో గుప్పెడు లాగింది. గడ్డి అడుగున మనిషి పాదం. దాని పక్కన తుపాకి గొట్టం. కొంగు నోట్లో కుక్కుకుని ఇంట్లోకి పరుగెత్తింది.

ఆమె భర్త దేవదాసు ఆ ఊరి చర్చికి ఉపదేశి. పొద్దుటి ప్రార్థన సగంలో ఆపి వచ్చి, వాము దగ్గర వంగి చూశాడు.

"పానం ఉన్నది," అన్నాడు మెల్లగా. "సంగపోడు. కాలికి తూట తాకింది."

"ఎత్తుకపోయి యాడన్న చేన్ల పండవెట్టయ్యా. నీ కాల్మొక్త."

ఆమె భయం ఊరికే పుట్టింది కాదు. దొరల మీద తిరగబడ్డ సంగం వాళ్ల కోసం నైజాం పోలీసులు ఊళ్లు జల్లెడ పడుతున్నారు. మొన్ననే పక్క ఊళ్లో ఒకణ్ణి దాచినందుకు ఇల్లు తగలబెట్టారు. ఇంటాయన్ని వాకిట్లోనే కాల్చారు.

దేవదాసు జవాబు చెప్పేలోగా పక్కింటి ముత్తయ్య దడి మీదుగా తల పెట్టాడు.

"అయ్యగారూ, పోలీసు అమీను దిగిండు. జవాన్లు గూడ ఉన్నరు. కింది వాడకెల్లి ఇల్లిల్లు సోదా జేస్తున్నరు."

దేవదాసు లేచి చేతులకంటిన గడ్డి దులుపుకున్నాడు.

"మరియా, కోడిని కొయ్యి. ముత్తన్నా, వాడకట్టోళ్లందరిని పిలువు. మా ఇంట్ల పుట్టినరోజు ప్రార్థన ఉన్నదని చెప్పు."

"ఇయ్యాలనా?" అంది మరియమ్మ.

"ఇయ్యాలనే."

ముత్తయ్య ఉపదేశి ముఖం చూసి, వాము వైపు చూసి, వాడకట్టులోకి పరుగెత్తాడు. మరియమ్మ గుడ్లు పెట్టే కోడినే పట్టుకుంది. కత్తి రెండుసార్లు జారింది.

అమీను గడప తొక్కేసరికి ఇల్లు కిటకిటలాడుతోంది. పుట్టినరోజు అనే మాట ఎరిగిన ఇల్లు ఆ ఊళ్లో అదొక్కటే. మిగతావాళ్లు ఏ కరువులో పుట్టారో, ఏ వానలో పుట్టారో చెప్పుకునేవాళ్లే. అందుకే వింత చూడటానికి వచ్చినట్టు కూర్చున్నారు అందరూ.

నడిమధ్య చాప మీద ఒక యువకుడు మోకరించి ఉన్నాడు. పెట్టె మడతలు పోని తెల్లంగీ. నడుం మీదుగా కాళ్లు కప్పుతూ దుప్పటి. దేవదాసు చెయ్యి అతని తల మీద ఉంది.

"ఏంది ఉపదేశీ, గీ గుంపు?"

"పుట్టినరోజు సాబ్. మా మోషేకు ఇరవై నిండినయ్."

"నీకింత కొడుకున్నడా? ఎన్నడు జూడకపోతి."

"డోర్నకల్‌ల చదువుతుండు సాబ్. రాత్రే వచ్చిండు."

అమీను చూపు గది చుట్టూ తిరిగింది. మంత్రసాని ఎల్లక్క మీద ఆగింది.

"నన్నే అడుగు సాబ్," అంది ఎల్లక్క. "బొడ్డు గోసిందాన్ని నేను. కాళ్లు ముందుగాల పెట్టిండు పోరడు. గప్పుడు మరియమ్మను సగం సంపిండు. గిప్పుడు పట్నం సదువని తక్కిన సగం సంపుతుండు."

అందరూ నవ్వారు. మరియమ్మకు నవ్వు రాలేదు.

"మరి గీ చెమటలేందిరా?" అన్నాడు అమీను యువకుడితో.

"మిమ్ముల జూస్తే నాకు గూడ పడుతున్నయ్ సాబ్," అంది ఎల్లక్కే.

అప్పుడే దొడ్లోంచి జవాను కేక. "సాబ్, వాముల నెత్తురు."

అమీను చెయ్యి నడుం దగ్గరి పిస్తోలు మీదికి పోయింది.

"కోడి సాబ్." ఆ మాట అన్నది తానేనని మరియమ్మకు తర్వాత గాని తెలియలేదు. "సగం తెగిన మెడతోని ఉరికి వాముల జొర్రింది."

అమీను ఆమెను ఎగాదిగా చూశాడు. "పొడువుండ్రిరా," అన్నాడు బయటికి.

బాయినెట్లు గడ్డిలో దిగుతున్న చప్పుడు. మొదట పైన. తర్వాత నడిమిలో. అడుగున ఉన్న తుపాకిదాకా పోయారా, ఈ ఇల్లే కాదు, ఇంట్లో కూర్చున్న వాళ్లంతా బూడిదే.

మరియమ్మ గబగబా పొయ్యి దగ్గరికి పోయి, కోడికూర గిన్నె తెచ్చి గుమ్మంలో పెట్టి మూత తీసింది.

"ఎప్పుడనంగ తిన్నరో ఏమో సాబ్. పండుగ పూట ఇంత తిని పోండ్రి."

కూర వాసన దొడ్డిదాకా పోయింది. పొడుపులు నెమ్మదించాయి. అమీను గిన్నె వైపు చూశాడు, వాము వైపు చూశాడు.

"చాలు తియ్యిండ్రిరా. రాండ్రి."

కడుపు నిండాక అమీను మనసు మెత్తబడింది. "లేరా మోషే. వచ్చి కాళ్లు మొక్కు, దీవిస్త."

యువకుడు కదల్లేదు.

"ప్రార్థన అయ్యేదాంక మోకాళ్లు ఎత్తొద్దు సాబ్," అన్నాడు దేవదాసు. "మా పద్ధతి."

"బాగున్నదయ్యా మీ పద్ధతి." అమీనే వచ్చి అతని నెత్తిన చెయ్యి పెట్టాడు. "ఇరవై ఏండ్లొచ్చినయంటే నీ బరువు ఇగ నీదే. తల వంచుకొని బతకకు. ఎవనికి భయపడకు. భయపడెటోనికి భూమ్మీద జాగ లేదు. అమ్మానాయినల పేరు నిలబెట్టు, సమజైందా?"

"మీ మాట మరువ సాబ్," అన్నాడు యువకుడు తల ఎత్తకుండా.

బూట్ల చప్పుడు నర్సింహులపేట బాట పట్టి, సన్నగిల్లి, ఆగిపోయింది. ఎవరూ లేవలేదు. మరియమ్మ తలుపు గొళ్లెం పెట్టి వచ్చి, యువకుడి పక్కన కూలబడి, కొంగుతో అతని ముఖం తుడిచింది.

దేవదాసు కూడా మోకరించి, పొద్దున సగంలో ఆపిన ప్రార్థన అందుకున్నాడు.

"ప్రభువా, నేను పాపిని, క్షమించు. అబద్ధమాడిన, ఊరంతటితోని ఆడిచ్చిన. మరియ కడుపు నువ్వు పండియ్యకపోతివి, వాముల దొరికినోనికే, నీళ్లల్ల దొరికిన మోషే పేరు పెట్టి పుట్టినరోజు జేసిన."