ఐదు మాటల పరీక్ష

“నిమ్మకాయ, కుర్చీ... గొడుగు,” అని టెగ్వెన్ ఆగింది.

గొడుగు అన్న మాట డాక్టర్ ప్రాసర్ చదివిన ఐదింటిలో లేనే లేదు. నిమ్మకాయ, కుర్చీ, వంతెన, గొర్రె, ఉప్పు అని ఆయన కాసేపటి కిందటే నింపాదిగా చదివాడు. తలుపు దగ్గర బెంచీ మీద తన వంతు కోసం కూర్చున్న మాబ్లికి నవ్వు ఆగలేదు. దగ్గు తెచ్చుకుని కప్పిపుచ్చుకుంది. మనుషులకన్నా గొర్రెలే ఎక్కువున్న వేల్స్‌లో గొర్రెను మర్చిపోయిన మనిషిని ఎవరు నమ్ముతారే పిచ్చిదానా, అనుకుంది.

“నెలలు వెనక్కి చెప్పమ్మా. డిసెంబరు నుంచి,” అన్నాడు ప్రాసర్.

“డిసెంబరు, నవంబరు, అక్టోబరు, ఆగస్టు, జూన్...” టెగ్వెన్ మిగతావి గబగబా గొణిగేసి, పని అయిపోయినదానిలా చేతులు దులుపుకుంది.

ఒంటికాలి మీద నిలబడమన్నాడు. తొంభై ఏడుసార్లు వేల్స్ తరఫున నెట్‌బాల్ ఆడిన మనిషి, ఒంటికాలి మీద గాల్లోకి లేచి ఎదుటివాళ్ళ బంతిని లాక్కునే మనిషి, తూలిపోయి గోడ పట్టుకుంది. ఏం నటనే తల్లీ, అని జట్టు కెప్టెన్ మాబ్లి మనసులోనే చప్పట్లు కొట్టింది.

ఈ నాటకానికో కథ ఉంది. శిబిరం మొదటి రోజున ప్రతి ఆటగత్తెకూ తల పరీక్ష పెడతారు. బాగున్నప్పుడు బుర్ర ఎలా పనిచేస్తుందో రాసిపెట్టుకుంటారు. తర్వాత ఎప్పుడైనా తలకు దెబ్బ తగిలితే మళ్ళీ ఇదే పరీక్ష. మార్కులు తగ్గితే పన్నెండు రోజులు ఆట బంద్. ప్రపంచ కప్పేమో మొత్తం పది రోజులే. కాబట్టి మొదటి రోజే మొద్దు అయిపోయి కూర్చుంటే, ఆ తర్వాత తగ్గడానికి ఏమీ ఉండదు. ఈ చిట్కాను పాతవాళ్ళు కొత్తవాళ్ళకు, అత్తగారు కోడలికి వంటింటి గుట్టు చెప్పినట్టు చెప్పుకుంటూ వస్తున్నారు.

టెగ్వెన్‌కి చెప్పింది మాబ్లే, తొమ్మిదేళ్ళ కిందట. టెగ్వెన్‌ది అబర్‌డేర్ అనే ఊరు. అక్కడి చర్చి, వాళ్ళ మాటలో చాపెల్, పెద్దమనిషి కూతురు, బళ్ళో చిన్నపిల్లలకు పాఠాలు చెబుతుంది. “అబద్ధం నా నోట రాదే,” అని అప్పట్లో ఏడ్చినంత పని చేసింది.

“అబద్ధం ఎవరాడమన్నారు? మాటలు మింగెయ్, చాలు,” అంది మాబ్లి.

మింగడం బాగానే అబ్బింది. మొన్న ఫిబ్రవరిలో ఇంగ్లాండు పిల్ల మోచెయ్యి కణతకు తగిలి కళ్ళు బైర్లు కమ్మాయి. ఏప్రిల్‌లో తల నేలకు కొట్టుకుని, లేచి, మనమిప్పుడు ఏ ఊళ్ళో ఉన్నామని అడిగింది. రెండుసార్లూ పరీక్షలో ఆ పాత మార్కులే వచ్చాయి. రెండుసార్లూ వారం తిరక్కుండా ఆడింది. మాబ్లి రెండుసార్లూ వీపు తట్టింది. మరేం చేస్తుంది? వల కింద కాపుకు టెగ్వెన్ లేకపోతే ఆ జట్టు తలుపు లేని ఇల్లే. టెగ్వెన్‌కి మాత్రం? కిందటి ప్రపంచ కప్పు కాన్పు వల్ల పోయింది, వచ్చేదానికి వయసు ఒప్పుకోదు. ముప్ఫై మూడేళ్ళు వచ్చాయి. ఆడితే ఇదే ఆడాలి.

ప్రాసర్ కలం మూశాడు. “పాతికేళ్ళుగా చూస్తున్నాను మీ జట్టు వేషాలు. ఈ పొద్దున ఇరవై మందిలో పదిహేడు మంది మొద్దులే వచ్చారు. తెలుసు, కానీ రుజువు చెయ్యలేను.” కాగితం మీద సంతకం గీకాడు. “సరే. ఇక నీకు ఇదే మామూలు. వెళ్ళిరా అమ్మా.”

“థాంక్సండీ,” అని టెగ్వెన్ వెలిగిపోతూ లేచింది. తలుపు దగ్గర మాబ్లి కన్ను గీటితే మాత్రం చూపు తప్పించింది. పాపం, తొమ్మిదేళ్ళయినా చాపెల్ పెద్దమనిషి కూతురికి సిగ్గు పోలేదు, అనుకుని మాబ్లి లోపలికెళ్ళి తన వాటా రెండు మాటలు మింగి వచ్చింది.

మధ్యాహ్నం గోడ మీద కప్పుకి వెళ్ళే జట్టు జాబితా అంటించారు. పన్నెండు పేర్లు. నాలుగోది టెగ్వెన్. జట్టు పిల్లలంతా ఆమెను ఎత్తి గిరగిరా తిప్పారు. దింపాక ఆమె కాసేపు పట్టుకున్న గోడ వదల్లేదు.

వాన చినుకులు పడుతున్నాయి. మాబ్లి, టెగ్వెన్ ఇద్దరూ హాలు వెనక మెట్ల మీద చూరు కింద కూర్చుని, టెగ్వెన్ వాళ్ళమ్మ కాల్చి పంపిన ఎండుద్రాక్ష కేకులు డబ్బా తెరిచి తింటున్నారు.

“ఏమే, ముఖం అలా పెట్టావ్? పేరొచ్చిందిగా!” అంది మాబ్లి.

“నీతో ఒకటి చెప్పాలి. తిట్టనని ఒట్టెయ్.”

“కొంపదీసి మళ్ళీ కడుపా? ఇప్పుడు గనక అయితే చంపేస్తా.”

“ఛీ, నోరు ముయ్యవే.” టెగ్వెన్ నవ్వింది. తర్వాత నవ్వలేదు. “ఏప్రిల్ నుంచి భయంగా ఉందే మాబ్లీ. మా పాపకింకా మూడేళ్ళు. ఈసారి తలకి దెబ్బ తగిలితే డాక్టరుకి తెలియాలి. తెలిసి నన్ను ఆపాలి. కప్పు పోయినా సరే.”

“అయితే?”

“అయితే ఏముంది, ఈసారి నీ మాట వినలేదు.”

నోటి దాకా వెళ్ళిన కేకు మాబ్లి చేతిలోనే ఆగిపోయింది. “ఏ మాట?”

“మింగమన్నావు చూడు, ఆ మాట.” తొమ్మిదేళ్ళ బరువు దించుకున్నదానిలా టెగ్వెన్ గట్టిగా ఊపిరి పీల్చుకుంది. “గొడుగుతో సహా ఐదూ సరిగ్గా చెప్పేశాను.”