అచ్చిరాని పేరు

"గెజిట్ అయిపోయింది సరే, మరి ఆధార్‌లో ఎప్పుడు మారుతుందండీ?"

పెరట్లో బట్టలు ఆరేస్తున్న పద్మశ్రీ చెయ్యి తీగ మీదే ఆగిపోయింది. అరటిచెట్ల అవతల నిలబడి అత్తగారు ఫోన్లో గుసగుసలాడుతున్నారు. ఈ వీధిలో పిలిస్తే పై వీధిలో పలికే గొంతు ఆవిడది. అలాంటి మనిషి గుసగుసలాడుతున్నారంటే ఏదో ఉన్నట్టే.

కోడలు కంటపడగానే ఆవిడ ఫోన్ కొంగులో దాచేశారు.

"ఎవరండీ అత్తయ్యగారూ?"

"కొబ్బరికాయల దింపు గురించిలే."

కొబ్బరికాయలకి గెజిట్ ఎందుకో పద్మశ్రీకి అర్థం కాలేదు. మిగతాదంతా అర్థమైంది. గెజిట్‌లో వేయించేది పేరు మార్పేగా.

పెళ్ళయి ఎదుర్లంకలోని ఈ ఇంట్లో అడుగుపెట్టిన రోజే ఆమె పేరు పోయింది. అత్తగారి పేరూ పద్మశ్రీయే. అత్తాకోడళ్ళకి ఒకే పేరు ఇంటికి అచ్చిరాదంటూ, పెళ్ళిపీటల మీంచి లేచీ లేవకముందే అత్తగారు ఆమెకి లక్ష్మీదుర్గ అని పేరు పెట్టేశారు. ఈ వైపు అది మామూలే. పిలుపు వరకే కదా, సర్టిఫికెట్ల మీద నా పేరు నాకుంది అని పద్మశ్రీ సరిపెట్టుకుంది.

ఇప్పుడు టీచరు పరీక్షలో ర్యాంకు వచ్చింది. సర్టిఫికెట్ల పరిశీలనకి నేడో రేపో పిలుస్తారు. పదో తరగతి నుంచీ అన్నిటి మీదా ఉన్నది పద్మశ్రీ. ఆధార్‌లో ఇంకో పేరు కనబడిందా, ఈవిడెవరని పక్కన కూర్చోబెడతారు. చేతిదాకా వచ్చిన ఉద్యోగం ఆ బల్ల దగ్గరే జారిపోతుంది.

ర్యాంకు వచ్చిన రోజున అత్తగారు వీధంతా పూతరేకులు పంచారు. ఆ సాయంత్రమే ఆరా మొదలుపెట్టారు.

"బళ్ళో నిన్ను ఏమని పిలుస్తారు దుర్గా?"

"పద్మశ్రీ టీచరనండి."

"అంటే ఊరంతా అదే పేరన్నమాట."

"ఆయ్."

"కుదరదమ్మా. మా అబ్బాయి దేశం కాని దేశంలో ఉన్నాడు, వాడికి కీడు తగలకూడదు. ఇన్నాళ్ళూ ఇంట్లో పిలుపుతో నెట్టుకొచ్చేం. ఇక కాయితం మీదే తేల్చేసుకోవాలి."

ఏదో మాటవరసకి అన్నారనుకుంది అప్పుడు.

గెజిట్ మాట చెవిన పడిన సాయంత్రం, ఖతార్ నుంచి భర్త నాగసతీష్ ఫోన్ చేయగానే అడిగేసింది.

"మీ అమ్మగారు నా పేరు మార్పించేస్తున్నారండి. మీకు తెలుసా?"



"అమ్మనే అడగరాదూ?"

"అంటే మీకు తెలుసన్నమాట!"

"కంగారు పడకు. అమ్మ ఏం చేసినా మన మంచికే."

ఖతార్‌లో ఉన్నా కాకినాడలో ఉన్నా మొగుళ్ళు అనే మాట ఇదొక్కటే. పద్మశ్రీ ఫోన్ పెట్టేసింది.

నా వేలిముద్ర లేకుండా ఎలా మారుస్తారు అని ధైర్యం తెచ్చుకుంది. పొయ్యి మీద అన్నం ఉడికేదాకా కూడా ఆ ధైర్యం నిలవలేదు. మొన్నీమధ్య బియ్యం కార్డు పని మీద గ్రామ సచివాలయం ఆవిడ ఇంటికి వస్తే, అత్తగారే దగ్గరుండి కోడలి చేత మెషిన్ మీద వేలు పెట్టించారు. దేనికని అడగనైనా అడగలేదు. ఎంత తెలివితక్కువదాన్ని అని తన్ను తానే తిట్టుకుంది.

మర్నాడు మధ్యాహ్నం పక్కింటి జయమ్మ గోడ మీంచి కేకేసింది.

"మీ అత్తగారు అమలాపురంలో ఆధార్ సెంటర్లో కనబడ్డారేంటి?"

"మురమళ్ళలో స్వామివారి కళ్యాణం చేయిస్తానని బస్సెక్కేరండి."

"అయితే స్వామివారు కూడా ఆ లైన్లోనే ఉన్నారేమో!" జయమ్మ కిసుక్కున నవ్వింది.

పద్మశ్రీకి నవ్వు రాలేదు. లోపలికి వెళ్ళి సర్టిఫికెట్ల ఫైలు తీసి చూసుకుంది. అన్నీ ఉన్నాయి. అయినా ఆ రోజు నుంచి ఫైలు తలగడ కిందే పెట్టుకుని పడుకుంది. అత్తగారు కాఫీ ఇస్తే తాగుతోంది గానీ ఆవిడ కళ్ళలోకి చూడటం మానేసింది. ఆవిడ అదేమీ పట్టించుకోకుండా రోజూ గేటు దగ్గర నిలబడి పోస్ట్‌మ్యాన్ కోసం చూస్తూనే ఉన్నారు.

పరిశీలనకి పిలుపు వచ్చింది. వెళ్ళాల్సిన రోజుకి ముందురోజు పోస్ట్‌మ్యాన్ సైకిల్ దిగి అడిగాడు.

"లక్ష్మీదుర్గగారంటే మీరేనాండీ?"

పద్మశ్రీ చెయ్యి చాపింది. ఆధార్ కవరు. మీద ఈ ఇంటి ఇంటిపేరు, పక్కనే లక్ష్మీదుర్గ. ఆమె విసవిసా వంటింట్లోకి నడిచింది.

"ఏంటండీ ఇది?"

అత్తగారి మొహం విప్పారింది. "వచ్చేసిందా! రేపటిలోగా రాదేమోనని హడిలిపోయేననుకో."

"ఎంత పని చేసేరండీ! మీరు ఏ పేరుతో పిలిచినా పలికేను. కానీ పద్మశ్రీ అన్నది మా నాన్నగారు పెట్టిన పేరండి. ఆ పేరుతో చదివేను, ఆ పేరుతో ర్యాంకు తెచ్చుకున్నాను. నన్నొక మాట అడగాలని కూడా అనిపించలేదాండీ?"

"అడిగితే నువ్వు ఒప్పుకోవుగా!"

"ఎలా ఒప్పుకుంటానండీ?"

"అందుకే చెప్పలేదు. ఈ ఇంట్లో పద్మశ్రీ ఒక్కరే ఉండాలి. అయినా లక్ష్మీదుర్గకి ఏం తక్కువే? ఇష్టపడి ఎంచుకున్న పేరు నాకది." ఆవిడ పొయ్యి కట్టేశారు. "ముందా కవరు చింపు."

ఏడుపు, ఉక్రోషం కలిసి ముంచుకొస్తుంటే పద్మశ్రీ కవరు చింపింది. కన్నీళ్ళలో ఏమీ ఆనలేదు. చున్నీతో కళ్ళు తుడుచుకుని మళ్ళీ చూసింది.

ఫోటో అత్తగారిది.